ఎవరి బరువు ఎవరు మోస్తున్నారు? – దోనావూరు అమ్మ ఎమీ కార్మైకేల్ జీవితము



పుదూరు, విళాత్తికుళం, కోవిల్‌పట్టి వైపు నల్లరేగడి పల్లెల్లో తెలుగు మాట్లాడే కుటుంబాలు వందల ఏండ్లుగా ఉన్నాయి. మీ వాళ్లు ఎక్కడనుండి వచ్చారని ఆ ఇళ్లలోని ముసలివాళ్లను అడిగితే ఒక పాత కథ చెబుతారు. ఉత్తర దేశములో ఒక పాలకుని కన్ను తమ ఇంటి ఆడపిల్ల మీద పడిందట. ఆ పిల్లను కాపాడుకోవడానికి ఇల్లూ వాకిలీ, గొడ్డూ గోదా అన్నీ విడిచి రాత్రికి రాత్రే దక్షిణానికి నడిచారట. కోవిల్‌పట్టి దగ్గర ఇడైసెవల్ గ్రామములో తెలుగు ఇంట పుట్టిన తమిళ రచయిత కి. రాజనారాయణన్ గారు 1976లో వచ్చిన గోపల్ల గ్రామం నవలలో ఇలాంటి వలస కథనే చెప్పారు.

ఆ కథలోని సారము ఒక్కటే. ఒక్క పిల్ల నలిగిపోకూడదని పెద్దలందరు తమ సుఖమును వదులుకొన్నారు. కాని లోకములో ఎక్కువగా జరిగేది దీనికి తలక్రిందులు. పెద్దల సుఖము చెడకుండా పిల్లలు, ఆడవారు, పేదవారు తమ సుఖమును వదులుకొంటారు. దానికి త్యాగమని మంచి పేరు కూడా పెడతాము.

పుదూరుకు దక్షిణాన, తిరునెల్వేలి దాటి పడమటి కనుమల దిక్కుగా వెళితే కళక్కాడు దగ్గర దోనావూరు అనే ఊరు ఉంది. సుఖము, కష్టము, తన్నుతాను ఉపేక్షించుకొనుట అనే మాటలకు అర్థమేమిటో అక్కడ ఒక స్త్రీ యాభై ఏండ్లు జీవించి చూపింది. ఆమె ఎమీ కార్మైకేల్ దొరసానిగారు. ఆమె మన బాప్తిస్టు సంఘస్థురాలు కాదు, మన భాష మాట్లాడినది కాదు. అయినా మనము స్థిరపడిన ఈ దక్షిణ దేశపు మట్టిలోనే ఆమె నిద్రించింది గనుక ఆమె జీవితమును మన కుటుంబాలు తెలిసికొనుట మేలని ఈ నాలుగు మాటలు వ్రాస్తున్నాము.

ఆదివారపు బట్టలు, మురికి మూట

ఎమీగారు 1867 డిసెంబరు 16న ఉత్తర ఐర్లాండులోని మిల్‌ఐల్ అనే సముద్రతీర గ్రామములో పుట్టారు. ఏడుగురు పిల్లలలో ఆమె పెద్దది. తండ్రికి పిండి మరలు ఉండేవి. ఇల్లు ప్రెస్బిటేరియన్ భక్తి గల ఇల్లు. చిన్ననాడు ఆమె నీలి కళ్లు కావాలని ప్రార్థన చేసి పడుకొన్నదని, తెల్లవారి అద్దములో చూసికొంటే గోధుమరంగు కళ్లే ఉన్నాయని ఏడ్చిందని చెబుతారు. తరువాత చీర కట్టుకొని మన దేశపు వీధుల్లో తిరిగినప్పుడు ఆ కళ్లే ఆమెకు మేలు చేశాయి. అడిగినది దొరకకపోవుట కూడా జవాబేనని ఆమె పిల్లలకు ఈ సంగతి చెప్పేది.

కుటుంబము బెల్‌ఫాస్ట్ పట్టణానికి మారింది. వ్యాపారములో నష్టము వచ్చింది. 1885లో తండ్రి చనిపోయాడు. ఆ రోజుల్లోనే ఒక ఆదివారము ఆరాధన ముగిసి అందరు మంచి బట్టలతో ఇంటికి వస్తున్నారు. దారిలో చింపిరి బట్టల ముసలమ్మ ఒకతె బరువైన మూట మోయలేక తూలుతున్నది. ఎమీ, ఆమె తమ్ముళ్లు ఆ ముసలమ్మను చేయిపట్టి, మూట అందుకొని నడిపించారు. ఎదురుగా గౌరవమైన సంఘస్థులు వస్తూ చూశారు. పిల్లలకు సిగ్గుతో ముఖాలు ఎర్రబడ్డాయి. ఆ నడకలోనే కొరింథీయులకు వ్రాసిన మొదటి పత్రిక మూడవ అధ్యాయములోని మాట ఆమె మనస్సులో మెదిలింది. బంగారముతో కట్టినదేదో, గడ్డితో కట్టినదేదో అగ్నియే పరీక్షించునని అపొస్తలుడు చెప్పిన మాట అది. తన గౌరవము గడ్డివంటిదని ఆమెకు ఆనాడు తెలిసింది.

ఆ పట్టణములో బట్టల మిల్లుల్లో పనిచేసే పేద పిల్లలు ఉండేవారు. టోపీ కొనుక్కొనే స్తోమత లేక తలమీద శాలువ కప్పుకొనేవారు. అందుచేత వారిని శాలువ పిల్లలని చులకనగా పిలిచేవారు. ఎమీగారు వారిని సంఘానికి తీసికొనివస్తే కొందరు పెద్దలకు రుచించలేదు. చివరికి 1889లో వారికోసము ఒక రేకుల మందిరము కట్టించింది. వెల్‌కమ్ హాల్ అని దానికి పేరు. దాని నుండి వచ్చిన సంఘము బెల్‌ఫాస్ట్‌లో నిలిచింది.

తిరస్కారము తరువాత తిరునెల్వేలి

ఇంగ్లాండులోని కెజిక్ సభలను ప్రారంభించినవారిలో ఒకరైన రాబర్ట్ విల్సన్ అనే వృద్ధుడు ఎమీగారిని కూతురివలె పెంచుకొన్నాడు. మిషనరీగా వెళ్లాలని ఆమెకు పిలుపు వచ్చినప్పుడు ఆయన చాలా బాధపడ్డాడు. ఒకరు సుఖమును వదులుకొంటే దాని నొప్పి మరొకరికి కూడా తగులుతుంది. ఈ సంగతి ఎమీగారికి తెలుసు, అది ఆమె మనస్సును చాలాకాలము కలచివేసింది. మనలో గల్ఫ్‌కో, దూర పట్టణానికో బిడ్డను పంపిన తల్లిదండ్రులకు ఈ నొప్పి వేరుగా చెప్పనక్కరలేదు.

చైనా వెళ్లాలని ఆమె సిద్ధపడితే ఆరోగ్యము చాలదని అక్కడి మిషను వారు ఒప్పుకొనలేదు. నరాల నొప్పితో వారాల తరబడి మంచము పట్టే మనిషి ఆమె. 1893లో జపాను వెళ్లి, పదిహేను నెలలకే ఆరోగ్యము చెడి తిరిగి వచ్చింది. 1895లో చర్చ్ ఆఫ్ ఇంగ్లాండ్ జెనానా మిషను పక్షముగా బెంగుళూరు చేరింది. తరువాత తిరునెల్వేలి ప్రాంతానికి వచ్చింది. అప్పటినుండి 1951లో చనిపోయేవరకు ఒక్కసారి కూడా స్వదేశము వెళ్లలేదు. చైనాకు పనికిరాదన్న ఆ బలహీనమైన దేహము ఇండియాలో 55 ఏండ్లు పనిచేసింది.

ఆమెకు తమిళము నేర్పి, సేవలో నడిపించినవాడు థామస్ వాకర్ అనే మిషనరీ. ఈయన పేరు మన తెలుగువారు గుర్తు పెట్టుకోదగినది. 1912లో ఆయన ప్రత్యేక కూటములకోసము మచిలీపట్నము వెళ్లి, అక్కడే జబ్బుపడి ఆగస్టు నెలలో కన్నుమూశాడు. తిరునెల్వేలి వారికి తండ్రివంటి ఆ మనిషి మన తెలుగు గడ్డమీద ప్రభువునందు నిద్రించాడు.

నగలు తీసిన చేతులు

ఎమీగారు కొందరు తమిళ స్త్రీలతో కలిసి ఎద్దుబండిలో పల్లెపల్లెకు వెళ్లి సువార్త చెప్పేది. వారిలో పొన్నమ్మాళ్ అనే యౌవన విధవరాలు ముఖ్యురాలు. విధవ అయినవారు వీధిలో కనబడుటే తప్పని ఎంచే రోజులు అవి. భర్త పోయిన స్త్రీ నవ్వకూడదు, ముందుకు రాకూడదు, మూలన కూర్చోవాలి. ఆమె కోరకుండానే సమాజము ఆమెమీద వేసిన ఉపేక్ష అది. పొన్నమ్మాళ్ ఆ మూలనుండి లేచి బండి ఎక్కింది.

ఒకనాడు ఒక చిన్నపిల్ల ఆ స్త్రీలను చూసి, తాను పెద్దయ్యాక వీరితో చేరి వీరివలె నగలు పెట్టుకొంటానని అన్నదట. ఆ మాట పొన్నమ్మాళ్ చెవిన పడింది. పిల్లకు తమలో కనబడినది క్రీస్తు కాదు, బంగారము అని ఆమె కలత చెందింది. తన నగలు తీసివేసింది. తరువాత తక్కినవారును ఒక్కొక్కరుగా తీసివేశారు. ఎమీగారు ఆజ్ఞ ఇవ్వలేదు, అడగలేదు.

మన ఇళ్లలో ఆడవారికి నగ అంటే ఏమిటో మనకు తెలుసు. అది పుట్టింటి గౌరవము, కష్టకాలములో ఆదుకొనే డబ్బు, భర్త బ్రతికి ఉన్నాడనే గుర్తు. అందుకే బంధువులు, సంఘస్థులు కూడా దానిని అవమానముగా తీసికొన్నారు. కాని నగలు లేనందున ఆ స్త్రీలు దొంగల భయము లేకుండా ఏ వేళనైనా ప్రయాణము చేయగలిగారు. ఉపేక్షించుకొనుట వారికి మూలన కూర్చోబెట్టే సంకెల కాలేదు, దారి తెరిచింది. విధవరాలిమీద బలవంతముగా వేసిన ఉపేక్షకూ, ఆమె తనంతట తాను ఎత్తుకొన్న ఉపేక్షకూ ఎంత తేడా ఉందో పొన్నమ్మాళ్ జీవితములో కనబడుతుంది.

పారిపోయి వచ్చిన పిల్ల

1901 మార్చి నెలలో, పన్నైవిళై అనే ఊరిలో వారు ఉన్నప్పుడు, ఏడేండ్ల పిల్ల ఒకతె ప్రక్క ఊరినుండి పారిపోయి వచ్చింది. ఆమె పేరు ప్రీనా. విధవరాలైన తల్లి ఆమెను దేవాలయపు స్త్రీలకు అప్పగించింది. అంతకుముందు ఒకసారి ఆ పిల్ల తప్పించుకొని తూత్తుకుడిలో ఉన్న తల్లి దగ్గరకు చేరితే, తల్లి భయపడి మళ్లీ వారికే అప్పగించింది. పారిపోయినందుకు శిక్షగా పిల్ల చేతులు కాల్చారు. దేవునికి పెండ్లి చేస్తారన్న మాట విని ఆ పిల్ల రెండవసారి పరుగెత్తింది. సంధ్యవేళ ఒక క్రైస్తవ స్త్రీ చూసి, ఆ రాత్రి తన దగ్గర ఉంచుకొని, ఉదయము ఎమీగారి దగ్గరకు తెచ్చింది. పిల్ల వచ్చి ఆమె ఒడిలో కూర్చుంది.

ఆ తరువాత ఎమీగారు దోనావూరు చేరారు. అలాంటి పిల్లలు ఒక్కొక్కరే వచ్చారు. 1904 నాటికి పదిహేడు మంది, 1913 నాటికి సుమారు 130 మంది అయ్యారు. 1918 నుండి మగపిల్లలను కూడా చేర్చుకొన్నారు. అందరికి ఆమె అమ్మ అయింది.

ఈ ఆచారము ఒక్క తమిళదేశానిదే అని మనము అనుకొనరాదు. మన తెలుగు ప్రాంతాలలో జోగిని, బసివి, మాతమ్మ అనే పేర్లతో ఇదే జరిగింది. మన పూర్వికులు ఏ పేటలనుండి రక్షణలోనికి వచ్చారో ఎక్కువగా ఆ పేటల ఆడపిల్లలే దానికి బలి అయ్యారు. ఊరికి మేలు జరగాలని, కరవు రాకూడదని, జబ్బు తగ్గాలని ఒక పేద పిల్ల జీవితమును మ్రొక్కుకొన్నారు. ఊరందరి సుఖానికి వెల కట్టినది ఆ పిల్ల. దానిని ఎదిరించినవారు క్రైస్తవులు మాత్రమే కాదు. మన కందుకూరి వీరేశలింగము పంతులుగారు భోగముమేళాలకు వ్యతిరేకముగా పోరాడారు. మద్రాసు శాసనమండలిలో మొదటి స్త్రీ సభ్యురాలు డాక్టరు ముత్తులక్ష్మి రెడ్డిగారు ఏండ్ల తరబడి పట్టుబట్టగా 1947లో మద్రాసు రాష్ట్రములో దేవదాసి నిషేధ చట్టము వచ్చింది. ఆంధ్రప్రదేశ్‌లో జోగిని నిషేధ చట్టము 1988లో గాని రాలేదు.

ఏథెన్సు పండితులు, దోనావూరు ఉయ్యాలలు

అపొస్తలుల కార్యములు పదిహేడవ అధ్యాయములో పౌలుగారు ఏథెన్సులో ఎపికూరీయులతోను స్తోయికులతోను వాదించినట్లు చదువుతాము. ఎపికూరీయులు మనశ్శాంతితో కూడిన సుఖమే జీవితానికి గురి అని, నొప్పి లేకుండా బ్రతుకుటయే జ్ఞానమని చెప్పేవారు. స్తోయికులు సుఖమునకు పొంగక, నొప్పికి కుంగక, ధర్మమే చాలునని నిలువమని చెప్పేవారు. ఇంగ్లాండులో 1748 నుండి 1832 వరకు జీవించిన జెరెమీ బెంథామ్ అనే తత్వవేత్త మనిషిని నడిపేవి సుఖదుఃఖాలు రెండే అని, ఎక్కువమందికి ఎక్కువ సుఖము కలిగించేదే మంచిపని అని లెక్క చెప్పాడు. మన దేశములో సుఖము కోరేవారు ఒక ప్రక్క, ఉపవాసాలతో ఒళ్లు శోషింపజేసికొనే తపస్వులు ఒక ప్రక్క ఎప్పుడూ ఉన్నారు.

ఈ తలంపులన్నిటిలో కొంత సత్యమున్నది. కాని ప్రీనా చేతులమీది మచ్చలముందు వాటిని నిలబెట్టి చూడండి. నా మనశ్శాంతి నాకు చాలునంటే ఆ పిల్లకు తలుపు తీయనక్కరలేదు. నొప్పిని లెక్కచేయవద్దని ఏడేండ్ల పిల్లకు బోధించలేము. పదిమంది సుఖముకొరకు ఒక్కరు నలగవచ్చునంటే ఊరి క్షేమముకొరకు జోగినిని విడువవచ్చునన్నట్లే అవుతుంది. ఒళ్లు శోషింపజేసికొంటే మనకు పుణ్యము వస్తుందేమో గాని పిల్లకు పాలు రావు. శరీరమును కఠినముగా చూచుటలో విలువ లేదని కొలొస్సయులకు, ప్రేమ లేక శరీరమును కాల్పించుకొన్నను ప్రయోజనము లేదని కొరింథీయులకు పౌలుగారు వ్రాసినది ఇందుకే.

ఎమీగారి ఎదుట కూడా ఒక చిక్కు ప్రశ్న వచ్చింది. పల్లెలు తిరిగి వాక్యము చెప్పే పని మాని పసిపిల్లలకు పాలు పట్టుట సరియేనా? తల్లికి బిడ్డలు కాళ్ల బంధమే కదా. తన కాళ్లకు పడిన ఆ కట్టును ఆమె ఒప్పుకొన్నది. ప్రభువు తువాలు కట్టుకొని శిష్యుల పాదాలు కడిగినప్పుడు అది చిన్నపని అని ఎంచలేదని ఆమె తలంచింది. చదువుకొన్న స్త్రీలు పసిపిల్లల గుడ్డలు ఉతుకుట నీచమని ఎంచే ఆ దినాలలో పొన్నమ్మాళ్ ముందుగా ఆ పనికి పూనుకొన్నది. నెయ్యూరు మిషను ఆసుపత్రి ప్రక్కన పసిబిడ్డల ఇంటిని ఆమె నడిపింది. అంటురోగము వచ్చి బిడ్డలు చనిపోయినప్పుడు కూడా వదిలి రాలేదు. 1915లో క్యాన్సరు వ్యాధితో ఆమె ప్రభువునందు నిద్రించింది. ఎమీగారి పేరు లోకమంతా ఎరుగును. పొన్నమ్మాళ్ పేరు మన సండే స్కూళ్లలోనైనా చెప్పవలెను.

జీతము లేని ఇల్లు, ఎదురు మాటలు

దోనావూరులో ఎవరికీ జీతము లేదు. డబ్బు ఇవ్వండని ఎవరినీ అడగకూడదని నియమము. తెల్లవారును, ఈ దేశస్థులును ఒకే రీతిగా మన దేశపు బట్టలు కట్టి, ఒకే ఇంటివారిగా పని చేశారు. 1916లో ఏడుగురు యౌవన స్త్రీలతో ఆమె ఒక చిన్న సహోదరీ గుంపును ఏర్పరచింది. వివాహము లేకుండ ప్రభువు పనికి తమ్మును ఇచ్చుకొన్నవారు వారు. ఆ గుంపులోనికి ఇష్టపడి వచ్చినవారినే తీసికొన్నారు. 1919లో ప్రభుత్వము కైసర్-ఇ-హింద్ పతకము ప్రకటిస్తే తీసికొనుటకు ఆమె వెనుకాడింది. 1920లలో పాత మిషనునుండి వేరుపడి, 1927లో దోనావూరు ఫెలోషిప్ అనే పేరుతో సంస్థను నమోదు చేశారు.

పరిశుద్ధుల జీవితాలను వ్రాసేటప్పుడు లోపాలను దాచుట మనకు అలవాటు. అది సరికాదు. 1903లో ఆమె వ్రాసిన పుస్తకము ఇక్కడి సేవ గురించి ఉన్నది ఉన్నట్లు చెప్పినందుకు కొందరు మిషనరీలే ఆమెను వెనుకకు పిలిపించమని కోరారు. అందులో ఆమె ధైర్యము కనబడుతుంది. కాని హిందూ సోదరుల జీవితములోని మంచిని ఆమె తక్కువగా చూసిందని నేడు చదివేవారికి తోచవచ్చును. ఆమె తన ఇంటిని తన మాటమీదనే నడిపింది. ఎదురు చెప్పుట కష్టము. తరువాత తిరునెల్వేలికి బిషప్ అయిన స్టీఫెన్ నీల్ గారు యౌవనములో అక్కడ చేరి, పొసగక ఏడాదికి కాస్త అటూ ఇటూగా వెళ్లిపోయారు. తన్నుతాను ఉపేక్షించుకొన్న మనిషికి ఒక శోధన ఉంటుంది. నేను ఇంత వదిలాను గనుక అందరు ఇంత వదలవలెనని అనుకొనే శోధన అది. ఎమీగారు దానినుండి పూర్తిగా తప్పించుకొన్నారని మేము అనలేము. మన సంఘ పెద్దలును, మేమును దీనిని గమనించవలసియున్నది.

ఇరవై ఏండ్ల మంచము

1931 సెప్టెంబరు 24న కళక్కాడులో వైద్యశాలకోసము తీసికొన్న ఇంటిని చూడడానికి ఎమీగారు వెళ్లారు. పొద్దు గూకింది. కూలివారు మరుగుదొడ్డికి గొయ్యి తవ్వవలసినచోట కాక వేరొకచోట తవ్వారు. చీకటిలో ఆమె అందులో పడింది. కాలు విరిగింది, చీలమండ తొలగింది. అప్పటికి ఆమెకు అరవై మూడు ఏండ్లు. కొన్ని వారాలలో లేస్తుందనుకొన్నారు. ఒకదాని వెంబడి ఒకటి జబ్బులు వచ్చి, దాదాపు ఇరవై ఏండ్లు ఆ గదిలోనే, ఎక్కువగా మంచముమీదనే ఉండిపోయింది.

ఈ నొప్పి ఆమె ఎన్నుకొన్నది కాదు. ఇంతవరకు ఆమె తానై వదులుకొన్నది. ఇప్పుడు ఆమె దగ్గరనుండి తీసివేయబడింది. ఇష్టపడి మోసిన బరువు ఒక రకము, ఇష్టము లేకుండ వచ్చిపడిన బరువు వేరొక రకము. నొప్పి మంచిదని ఆమె చెప్పలేదు. నొప్పి తగ్గుటకు ప్రార్థించింది, ప్రార్థించమని కోరింది, మందు వేసికొన్నది. తగ్గనప్పుడు, పౌలుగారి ముల్లు తీయబడనట్లే, చాలినంత కృపను అడిగింది. ఆరోగ్యవంతులు రోగులకు వ్రాసే ఓదార్పు మాటలు గాలిలో తేలిపోతాయని ఆమెకు తెలిసింది. అందుకని రోగిగా రోగులకు ఉత్తరాలు వ్రాసింది. అవి 1933లో పుస్తకముగా వచ్చాయి. మంచముమీదనుండే ఇంకా ఎన్నో పుస్తకాలు వ్రాసింది. లేవలేని మనిషి వేలాది మంచాల దగ్గరకు వెళ్లింది.

దోనావూరు ఆసుపత్రికి వారు తమిళములో పరమ సుఖశాలై అని పేరు పెట్టారు. తమిళములో సుఖమంటే ఆరోగ్యము, స్వస్థత. మన పెద్దలు కూడా ఉత్తరాలలో అందరు సుఖముగా ఉన్నారా అని వ్రాసేవారు. అది భోగాన్ని గురించిన ప్రశ్న కాదు. ఒంట్లో బాగుందా, ఇంట్లో శాంతి ఉందా అని అర్థము. తనకు లేని సుఖమును ఇతరులకు ఇచ్చే ఇంటికి ఆ పేరు పెట్టారంటే ఆ ఇంటివారు సుఖానికి శత్రువులు కారని తెలిసికొనవలెను. పిల్లలు నవ్వాలని, పూలు పెంచుకోవాలని, కొండలలో సెలవులు గడపాలని 1917లో అడవిలో స్థలము కూడా కొన్నారు.

1948లో ఆమె మళ్లీ గదిలోనే పడింది. 1951 జనవరి 18న నిద్రలోనే ప్రభువు సన్నిధికి చేరింది. సమాధిరాయి వద్దని ముందే చెప్పింది. పక్షులు నీళ్లు తాగే ఒక రాతి తొట్టిని ఆమె సమాధిమీద పెట్టి, దానిమీద అమ్మై అని చెక్కారు.

మన ఇంటి లెక్క

సహోదరులారా, ఈ కథను భక్తిగా చదివి ప్రక్కన పెట్టుట సులభము. మనలో చాలామంది నేడు స్థిరపడ్డవారము. ఒకప్పుడు మన తాతలు మూటలతో వచ్చి, ఒకపూట తిని పిల్లలను చదివించారు. నేడు మనకు మంచి ఇల్లు, మంచి మందిరము, బ్యాంకులో కొంత బంగారము ఉన్నది. దేవునికి స్తోత్రము. సుఖమును దేవుడు ఇచ్చినప్పుడు కృతజ్ఞతతో అనుభవించుట పాపము కాదు.

మేము అడిగేది వేరు. మన సుఖమునకు ఎవరు వెల ఇస్తున్నారు? కోవిల్‌పట్టి, సాత్తూరు, శివకాశి వైపు ఒకప్పుడు పసిచేతులు అగ్గిపుల్లలు పేర్చిన సంగతి మనకు తెలుసు. 1986లో బాలకార్మిక చట్టము వచ్చింది. 2016 సవరణతో పద్నాలుగేండ్లలోపు వారిని దాదాపు ఏ పనిలోను పెట్టుకొనరాదని అయింది. తమిళనాడు నూలుమిల్లుల్లో సుమంగళి పథకమనే పేరుతో పేద ఆడపిల్లలను మూడేండ్లు హాస్టల్లో ఉంచి పనిచేయించి, చివర పెండ్లి ఖర్చుకు ఒక్కమొత్తముగా డబ్బు ఇస్తామన్న సంగతి 2010, 2011 ప్రాంతాలలో పత్రికలలో వచ్చింది. బెల్‌ఫాస్ట్ శాలువ పిల్లలవంటివారే వీరు. ఆ డబ్బు ఎవరికోసము? వరునికి ఇచ్చే కట్నముకోసము. 1961లోనే కట్న నిషేధ చట్టము వచ్చింది. మన విశ్వాసుల ఇండ్లలో అది ఎంతవరకు అమలైందో మన మనస్సాక్షికే తెలుసు.

ఇంకొంచెము దగ్గరకు రండి. ఉపేక్షించుకొనుట అనే ప్రసంగము విన్న తరువాత మన ఇంట్లో ఎవరు తక్కువ తింటున్నారు? కోడలా? పెండ్లికాని చెల్లెలా? భర్త పోయిన అక్కయ్య పెండ్లిపందిరిలో ముందువరుసలో కూర్చుంటున్నదా, వంటింటి తలుపు వెనుక నిలబడుతున్నదా? ఓర్పు వహించమ్మా, సిలువ మోయాలి కదా అని ఆడబిడ్డకు చెప్పేటప్పుడు ఆ సిలువను ఆమె భుజముమీద పెట్టినది ప్రభువా, మనమా? మోయలేని బరువులు ఇతరుల భుజాలమీద పెట్టి, తాము వ్రేలితోనైనా కదిలింపని పెద్దలను ప్రభువు మత్తయి ఇరువది మూడవ అధ్యాయములో ఎంత కఠినముగా గద్దించాడో చదువుకొందము. ఎవని సిలువ వాడు ఎత్తుకొనవలెనని ఆయన చెప్పాడు గాని, మన సిలువను ఇతరులచేత మోయించమని చెప్పలేదు.

కాబట్టి ఈ నెల మన స్త్రీల సమాజములలోను, యౌవనస్థుల కూటములలోను ఒక పని చేయుదమని మనవి. ఉపవాసము ఉండేవారు ఉండండి. దానితోకూడ మీ ఇంటిలోనో మీ వీధిలోనో ఎవరిమీద బలవంతపు బరువు ఉన్నదో ఒక్కరిని గుర్తించండి. చదువు మానిన పిల్ల కావచ్చు, ముసలి తల్లి మంచము దగ్గర ఏండ్ల తరబడి ఒంటరిగా ఉన్న కూతురు కావచ్చు, మూలన కూర్చున్న విధవరాలు కావచ్చు. ఆ మూటకు ఒక ప్రక్క చేయి వేయండి. ఎమీగారు ఒక ఆదివారము ఎర్రబడిన ముఖముతో అలాగే మొదలుపెట్టారు. మన తాతలు ఒక్క ఆడపిల్లకోసము దేశము విడిచారని మనము గర్వముగా చెప్పుకొంటాము. మన మనుమలు మనలను గూర్చి ఏమి చెప్పుకొంటారో మన చేతిలోనే ఉన్నది.

ప్రభువు కృప మన సంఘాలన్నిటికి తోడై యుండును గాక. ఆమేన్.